పెన్న కలిసేది ఎక్కడ, కృష్ణపట్నం పోర్టు ఉన్నది ఎక్కడ?

పెన్నగట్టు_ప్రొద్దుటూరు
మా బామ్మర్దికీ నాకూ బిర్యానీ పందెం. కృష్ణపట్నం పోర్టును పెన్న సముద్రంలో కలిసే చోటే కట్టారని వాడు, కాదు అది వేరే ఏదో ఉప్పుటేరు మీద ఉందని నేను. ఫోన్లో మ్యాపు తీసి చూపిస్తే "ఆ నీలం గీతలన్నీ పెన్న పాయలే బావా" అని కొట్టిపారేస్తున్నాడు. నెల్లూరు వైపు తెలిసినవాళ్ళు తేల్చండి. ఇంకొకటి పందెం కోసం కాదు, నిజంగానే అడుగుతున్నా. సిద్ధవటం దగ్గర ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డు మనిషి చీమంత కనిపిస్తాడు, అంత వెడల్పు పెన్న. దాన్ని వదిలేసి ఒక ఉప్పు వాగు నోట్లో ఓడలు నిలపడం ఏంది?

నెల్లూరు_కోడలు
పందెం మీదే. నాది మైదుకూరు, ఇచ్చింది ముత్తుకూరు మండలానికి, పోర్టు క్రేన్లు మా మిద్దె మీది నుంచి కనిపిస్తాయి. పెన్న కలిసేది విడవలూరు మండలం ఊటుకూరు దగ్గర. పోర్టు దానికి ముప్పై కిలోమీటర్లకు పైనే దక్షిణాన, కండలేరు ఉప్పుటేరు మీద ఉంది. మధ్యలో మైపాడు బీచ్ వస్తుంది. మీ బామ్మర్దికి చెప్పండి, ఆ నీలం గీతల్లో తీరం పొడవునా నిలువుగా పోయేది పెన్న పాయ కాదు, బకింగ్‌హామ్ కాలువ.

ఉగ్గాని_బజ్జి
అంతా బాగుంది. బిర్యానీ మటనా చికెనా? అది తేలకుండా భూగోళం ఎందుకు?

కడప_మాస్టారు
బామ్మర్దికి కూడా సగం ప్లేటు పెట్టాలి. పెన్న మీది సోమశిల ఆనకట్టలో ఆగిన నీళ్ళు కాలువ ద్వారా కండలేరు రిజర్వాయరుకు వెళ్తాయి. సోమశిల 78 టీఎంసీలు, కండలేరు 68. ఆ కండలేరు వాగే కిందికి పోయి ఉప్పుటేరులో కలుస్తుంది. కాబట్టి ఆనకట్టలు వచ్చాక పెన్న నీళ్ళకు కృష్ణపట్నంతో చుట్టరికం కుదిరింది. తెలుగుగంగ లెక్కలో శ్రీశైలం నీళ్ళు కూడా పోతిరెడ్డిపాడు, వెలుగోడు, బ్రహ్మంగారిమఠం, సోమశిల మీదుగా అక్కడికే చేరి ఆ తర్వాత చెన్నైకి పోతున్నాయి. అంటే కృష్ణకు కూడా బీరకాయ పీచు చుట్టరికం.

పెన్నగట్టు_ప్రొద్దుటూరు
మాస్టారూ, వాడికి ఇది చూపించను. సగం ప్లేటు అంటే ఫుల్ ప్లేటు తింటాడు. రెండో ప్రశ్నకు ఎవరూ చెప్పలేదు.

రిటైర్డ్_ఏఈ
నేను చెబుతా. ముప్పై ఏళ్ళు ఇరిగేషన్‌లో చేశాను, సముద్రం పక్క చేసింది తక్కువే కానీ సూత్రం ఒకటే. జవాబు ఇసుకలో ఉంది.

పెన్న పొడవు 597 కిలోమీటర్లు, నంది కొండల్లో పుట్టి అనంతపురం, కడప దాటుకుని వస్తుంది. ఏడాదిలో ఎన్నాళ్ళు పారుతుందో ప్రొద్దుటూరు వాళ్ళకు నేను చెప్పక్కర్లేదు. వరదప్పుడు ఇసుకను తెచ్చి ముఖద్వారంలో పోస్తుంది, వరద తగ్గగానే అలలు అదే ఇసుకను వెనక్కి తోసి అడ్డంగా దిబ్బ వేస్తాయి. మళ్ళీ పెద్ద వరద వస్తేనే ఆ దిబ్బ తెగేది, తెగినప్పుడు కూడా పోయినసారి తెగిన చోటే తెగాలని లేదు. దానికి తోడు మన తూర్పు తీరంలో ఒడ్డు వెంబడి ఇసుక నడుస్తూ ఉంటుంది. నైరుతి కాలంలో ఉత్తరానికి, ఈశాన్య రుతుపవనాలప్పుడు దక్షిణానికి, మొత్తం లెక్కలో ఉత్తరానికి పోయేదే ఎక్కువ. అలాంటి నోట్లో రేవు కడితే ఏటా ఇసుక తోడుకుంటూ కూర్చోవాలి.

ఉప్పుటేరు సంగతి వేరు. పైనుంచి వచ్చే నీళ్ళు తక్కువ, కాబట్టి ఇసుకా తక్కువ. దాన్ని తెరిచి ఉంచేది సముద్రమే. రోజుకు రెండుసార్లు పోటు, రెండుసార్లు ఆటు. పోటుకు లోపలికి ఎక్కిన నీళ్ళు మడ చెట్ల మధ్య, బురద నేలల మీద, పక్క కాలువల్లో పరుచుకుంటాయి. ఆటుకు అవన్నీ ఒకే సన్నని నోటి గుండా బయటికి పరుగెత్తాలి, ఆ వేగానికి నోట్లో ఇసుక నిలవదు. మన దగ్గర ఆటుపోట్ల తేడా మీటరు అటూ ఇటే. అయినా లోపల నీళ్ళు పరుచుకునే చోటు విశాలంగా ఉంటే అది చాలు. అదే చోటును గట్టు వేసి చెరువులు తవ్వో, మట్టి పోసో తగ్గించారనుకోండి, లోపలికి ఎక్కే నీళ్ళు తగ్గి, బయటికి పరుగెత్తే వేగం తగ్గి, నోరు పూడుతుంది. చాలామంది పూడిక నోట్లో ఉంది కాబట్టి నోటినే తవ్వాలంటారు. రోగం చాలాసార్లు లోపల ఉంటుంది.

ఇదంతా పాత ఉప్పుటేరు గురించి. ఇప్పుడు పోర్టుకు ఉన్న 18 మీటర్ల లోతు ఏ ఆటుపోటూ ఇవ్వదు, అది డ్రెడ్జర్లు తవ్వింది.

చిత్రావతి_ధర్మవరం
ఏఈ గారూ, పోర్టుకు రెండు పక్కలా సముద్రంలోకి రాళ్ళ గోడలు కట్టారు కదా. మరి ఒడ్డు వెంబడి నడిచే ఇసుక ఏమవుతుంది? గోడ ఎక్కి దూకదు కదా.

రిటైర్డ్_ఏఈ
దూకదు, దక్షిణం వైపు గోడకు ఆనుకుని మేట వేస్తుంది. ఉత్తరం వైపుకు రావాల్సిన ఇసుక రాదు కాబట్టి అక్కడ ఒడ్డు కోసుకుపోతుంది. నమ్మకం లేకపోతే చెన్నై చూడండి. హార్బరు గోడలు కట్టాకే మెరీనా అంత వెడల్పయింది, ఉత్తరాన రాయపురం వైపు సముద్రం ఇళ్ళ మీదికి వచ్చింది. మనం సెలవులకు పోయి మెరీనాలో బజ్జీలు తిని ఫొటోలు దిగేది హార్బరు గోడ ఆపిన ఇసుక మీద.

నెల్లూరు_కోడలు
ఉత్తరం వైపు కోత మా దగ్గరా ఉంది. వేట చేసేవాళ్ళు వలలు ఆరేసుకునే చోటు ఏటేటా తగ్గుతోందని మా వాళ్ళు అంటారు. అందరూ పోర్టుదే తప్పంటారు. మా మామగారు మాత్రం "నది ఇసుక తేవడం మానేసి ఎన్నేళ్ళయింది, ముందు సోమశిలను అడగండి" అంటారు. ఇంట్లో రోజూ ఇదే పంచాయితీ.

రిటైర్డ్_ఏఈ
మీ మామగారికి నా నమస్కారం చెప్పండి. ఆనకట్ట నీళ్ళతో పాటు ఇసుకను కూడా ఆపుతుంది. ఆపగా మిగిలింది పైనా కిందా ట్రాక్టర్లు, లారీలు ఎత్తుకుపోతాయి. ఇక తీరానికి చేరేది ఏముంటుంది?

రాళ్ళనేల_రైతు
అందరూ సముద్రం మీద జాలి చూపిస్తున్నారు, మా మీద ఎవరికీ లేదు. నాది కదిరి తాలూకా. వెయ్యి అడుగులు బోరు వేస్తే దుమ్ము వచ్చింది. 2021 నవంబరులో సోమశిల గేట్లెత్తి ఐదు లక్షల క్యూసెక్కులకు పైగా సముద్రం పాలు చేశారు. ఆరుతడి పంటకు ఒక టీఎంసీతో పదివేల ఎకరాలు తడుస్తాయి. రోజుకు నలభై టీఎంసీల పైన పోయినట్టే కదా, లెక్క వేసుకోండి. ఇసుక దిబ్బ తెగడానికి నీళ్ళు కావాలి, రొయ్య పిల్లకు నీళ్ళు కావాలి అని మాకు పాఠాలు చెప్పొద్దు.

చెయ్యేరు_ఒడ్డున
రైతన్నా, 2021 నవంబరు పేరు ఎత్తితే మాకు నిద్ర రాదు. నవంబరు 19న మా చెయ్యేరు మీది అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగింది. పులపత్తూరు, మందపల్లి ఏమయ్యాయో మీరూ టీవీలో చూసే ఉంటారు. కమలాపురం దగ్గర పాపాగ్ని వంతెన కూలింది. నెల్లూరు దగ్గర పడుగుపాడులో రైలు పట్టాలు కొట్టుకుపోయాయి. అవి ఎవరో కావాలని సముద్రానికి పంపిన నీళ్ళు కావు, ఆపుదామన్నా ఆగని నీళ్ళు. "వృథా" అనే ముందు వాటిని నిలబెట్టే చోటు ఎక్కడుందో చెప్పు.

రాళ్ళనేల_రైతు
చోటు లేకపోవడం నా తప్పా? చెరువులన్నీ పూడి తుమ్మ చెట్లు మొలిచాయి. అవి బాగు చేస్తే కొంతైనా నిలుస్తాయి కదా. మీ ఊళ్ళ కష్టం నాకు తెలుసు, దాన్ని తక్కువ చేయడం లేదు.

కేసీ_కెనాల్
రైతన్న మాటలో న్యాయం ఉంది, కానీ లెక్క తప్పు. ఐదు లక్షల క్యూసెక్కులు ఉన్నది రోజుల తరబడి కాదు, ఆ ఉధృతి వచ్చి తగ్గిపోయేదే. దాన్ని ఏడాది మొత్తానికి చాచి చూపిస్తే ఎట్లా? మామూలు ఏడాదిలో సోమశిల కింద పెన్నలో ఏం పారుతుందో చూసి మాట్లాడండి.

నెల్లూరు_కోడలు
నేను మైదుకూరు పిల్లనే కాబట్టి రెండు వైపులా తిట్లు తినే హక్కు నాకుంది. పుట్టింట్లో "మీ అత్తగారోళ్ళు మా నీళ్ళు తాగేస్తున్నారు" అంటారు, ఇక్కడ "మీ పైవాళ్ళు చుక్క వదలడం లేదు" అంటారు. తీరంలో జరిగేది ఇది. పైనుంచి మంచినీళ్ళు రాకపోతే ఉప్పునీళ్ళు ఏటిలో ఇంకా లోపలికి ఎక్కుతాయి, భూమి లోపలి నుంచి కూడా వస్తాయి. మా వీధి బోరులో నీళ్ళు మా అత్త కాపురానికి వచ్చినప్పుడు తాగేవాళ్ళట, ఇప్పుడు గిన్నెలు తోమినా తెల్లగా చార కడతాయి. దీనికి ఆక్వా చెరువులూ కారణమే, అది దాచను. ఒక మీటరు ఇసుక దిబ్బ మాకు ముఖ్యం కాదు రైతన్నా, బిందె మంచినీళ్ళు ముఖ్యం, మీకు లాగే.

ఉగ్గాని_బజ్జి
రొయ్యా? వేరుశనక్కాయా? ఎలక్షన్ పెట్టండి. నా ఓటు రెండింటి వేపుడుకీ.

కడప_మాస్టారు
నీళ్ళ గొడవ తెగదు. నోరు పూడిపోతే ఏమవుతుందో చూడాలంటే ఉప్పుటేరు కాదు, ఇంకా దక్షిణాన పులికాట్ చూడాలి. చిలికా తర్వాత దేశంలో అంత పెద్ద ఉప్పునీటి సరస్సు అదే. ఎక్కువ భాగం మనది, దక్షిణం కొస తమిళనాడుది. సముద్రానికీ దానికీ మధ్య శ్రీహరికోట అడ్డంగా పడుకుని ఉంటుంది. రాయదొరువు, తూపిలిపాళెం వైపు ముఖద్వారాలు, తమిళనాడులో పళవేర్కాడు దగ్గర ఇంకొకటి. స్వర్ణముఖి, కాళంగి, ఆరణి అనే చిన్న నదులు నీళ్ళిస్తాయి, అవీ మన చిత్రావతి బాపతే, వానొస్తే ఏరు, లేకపోతే దారి. ముఖద్వారాలు పూడితే వేసవిలో సముద్రం నీళ్ళు రావు, ఉన్న నీళ్ళు ఎండకు ఆవిరై ఉప్పు చిక్కబడుతుంది, సరస్సు నడుమ నేల పగుళ్ళు తేలుతుంది. చేప పిల్ల సముద్రం నుంచి లోపలికి రాలేదు. సూళ్ళూరుపేట నుంచి శ్రీహరికోటలోని షార్ రాకెట్ కేంద్రానికి పోయే రోడ్డు సరస్సు మధ్యగా గట్టు వేసి కట్టిందే. దానివల్ల నీళ్ళ కదలిక ఆగిందని జాలర్ల ఫిర్యాదు.

చిత్రావతి_ధర్మవరం
అదే బాపతు అని చిత్రావతిని అనొద్దు మాస్టారూ, మనోభావాలు దెబ్బతిన్నాయి.

వీరాపురం_కొంగ
పులికాట్‌కు ఫ్లెమింగోలు వస్తాయని సూళ్ళూరుపేటలో పండుగ చేస్తారు. మా చిలమత్తూరు మండలం వీరాపురంలో ఎర్రకాళ్ళ కొంగలు ఊరి చింతచెట్ల మీదే గూళ్ళు కట్టి పిల్లల్ని చేస్తాయి. మాకు పండుగ లేదు, రెట్టలు ఉన్నాయి.

హంపీ_టు_పెనుకొండ
అసలు కృష్ణపట్నం పెట్టిందే కృష్ణదేవరాయలు. పేరులోనే ఉంది. మన రాయలసీమ రేవు అది.

కడప_మాస్టారు
శాసనం చూపించు నాయనా, నమ్ముతాను. కృష్ణ అని పేరున్న ప్రతి ఊరూ రాయలది అయితే ఆయన రాజ్యం చేసే తీరిక లేక ఊళ్ళకు పేర్లు పెట్టుకుంటూనే ఉండేవాడు. అలా చెప్పుకుంటారు, అంతవరకే. విజయనగర సామ్రాజ్యానికి తూర్పు తీరంలో గట్టిగా రుజువున్న పెద్ద రేవు పులికాట్.

నీ పేరులో పెనుకొండ ఉంది కాబట్టి ఇంకొంచెం చెబుతా. 1565లో రాక్షసి తంగడి (తళ్ళికోట) యుద్ధం తర్వాత రాజధాని హంపి నుంచి పెనుకొండకు, అక్కడి నుంచి చంద్రగిరికి, వెల్లూరుకు జరుగుతూ పోయింది. రాజ్యం తగ్గిందే కానీ తీరం చేతిలో ఉంది. డచ్చివాళ్ళు పులికాట్‌లో వ్యాపారానికి అనుమతి తీసుకున్నది రెండో వెంకటపతి రాయల దగ్గరే, 1610లో. తర్వాత అక్కడ గెల్డ్రియా కోట కట్టుకున్నారు. వాళ్ళకు కావాల్సింది మన బట్ట, ముఖ్యంగా రంగులద్దిన బట్ట. దాన్ని తూర్పు దీవులకు తీసుకెళ్ళి మిరియాలు, జాజికాయ కొనేవాళ్ళు.

ఇంగ్లీషువాళ్ళు వెనక వచ్చి, పులికాట్‌లో డచ్చివాళ్ళు నిలవనీయక, సరస్సుకు ఉత్తరం కొసన దుగరాజపట్నంలో 1626లో కొట్టు పెట్టారు. వాళ్ళ కాగితాల్లో దాని పేరు ఆర్మగాన్. ఫిరంగులు పెట్టి కోట లాగా చేసుకున్నారు. కానీ అక్కడ మంచి బట్ట దొరక్క, స్థానిక నాయకుడితో పేచీలు పడలేక వేరే చోటు వెతుక్కున్నారు. 1639 ఆగస్టు 22న దామెర్ల వెంకటాద్రి నాయకుడి దగ్గర ఫ్రాన్సిస్ డే మద్రాసు నేల పట్టా తీసుకున్నాడు, మరుసటి ఏడాది దుగరాజపట్నం నుంచి సామాను సర్దుకుని పోయారు. ఆ ముఖద్వారం దగ్గర వాళ్ళకు కుదిరి ఉంటే మద్రాసు ఇప్పుడు వాకాడు మండలంలో ఉండేది.

పెన్నగట్టు_ప్రొద్దుటూరు
వామ్మో. అప్పుడు మనం ఉద్యోగాలకు చెన్నై కాకుండా వాకాడు పోయేవాళ్ళం.

హంపీ_టు_పెనుకొండ
శాసనం వెతుకుతా మాస్టారూ. వదిలిపెట్టను.

జమ్మలమడుగు_జానీ
గండికోటను మరిచిపోతున్నారు. గోల్కొండ సేనాని మీర్ జుమ్లా గండికోట పట్టుకున్నాక, 1652లో టావెర్నియే అనే ఫ్రెంచి వజ్రాల వ్యాపారి మచిలీపట్నం నుంచి బయలుదేరి మద్రాసు మీదుగా గండికోటకు వచ్చాడు. తీరం నుంచి మన లోయ దాకా ఆ రోజుల్లోనే దారి ఉంది. ఇప్పుడు మా ఊరి నుంచి ఒకే బస్సులో సముద్రం దాకా పొమ్మనండి చూద్దాం.

గుత్తి_తండా
వజ్రాల వ్యాపారిని గుర్తు పెట్టుకున్నారు, ఉప్పు మోసినోళ్ళను వదిలేశారు. మా పూర్వీకులు, లంబాడీలు, వందల ఎద్దుల మీద గోతాలు వేసుకుని తీరం నుంచి ఉప్పు, లోపలి నుంచి ధాన్యం తోలుకుంటూ తిరిగేవాళ్ళు. ఏ ఉప్పుటేరు పక్క ఉప్పు మళ్ళు ఉన్నాయో, దారిలో ఎద్దులకు నీళ్ళు, గడ్డి ఎక్కడ దొరుకుతాయో వాళ్ళకు తెలిసినట్టు ఏ సర్వేవాడికీ తెలియదు. రైలు వచ్చాక ఆ పని పోయింది. సీమలో ఇన్ని తండాలు ఊరికే వెలవలేదు.

నెల్లూరు_కోడలు
గుత్తి అన్నా, ఉప్పు మళ్ళు ఇప్పటికీ ఉన్నాయి. అల్లూరు మండలం ఇస్కపల్లి వైపు పోతే రోడ్డు పక్కనే తెల్లగా కుప్పలు.

కేసీ_కెనాల్
దారుల మాట వచ్చింది కాబట్టి నా పేరులోని కర్నూలు-కడప కాలువ గురించి నేను చెప్పకపోతే ఎట్లా. సుంకేసుల నుంచి కడప దాకా మూడు వందల కిలోమీటర్లు, 1860లలో ఒక ప్రైవేటు కంపెనీ తవ్వింది. సాగుకే కాదు, పడవలు నడపడానికి కూడా. దాన్ని పెన్న మీదుగా నెల్లూరు దాకా, అక్కడి నుంచి తీరం కాలువలో కలిపి మద్రాసు దాకా పడవలు పంపాలని కాటన్ దొర ఊహ. కర్నూలులో ఎక్కి కృష్ణపట్నం పక్కగా మద్రాసులో దిగొచ్చన్నమాట. కంపెనీ నష్టపోయింది, 1882లో ప్రభుత్వం కొనేసింది, పడవల ముచ్చట తీరలేదు. బకింగ్‌హామ్ కాలువ మాత్రం మద్రాసు దగ్గర 1806లో మొదలై ముక్కలు ముక్కలుగా పెరిగి పెదగంజాం నుంచి మరక్కాణం దాకా అయింది. ధాత కరువులో, అంటే 1876-78లో, కూలికి వచ్చిన జనం చేత మద్రాసులో కొంత తవ్వించి అప్పటి గవర్నరు పేరు పెట్టారు. ఆ కరువుకు కర్నూలు, కడప, బళ్ళారి జిల్లాల్లో ఎంతమంది పోయారో వేరే చెప్పక్కర్లేదు.

నెల్లూరు_కోడలు
అదే కాలువ ఇప్పుడు పోర్టు దగ్గర ఉప్పుటేరును దాటి పోతుంది. చాలాచోట్ల తామర తూడు, గుర్రపుడెక్క. కానీ 2004 సునామీ రోజు ఎక్కిన నీళ్ళలో చాలా భాగం ఆ కాలువలో పడి రెండు వైపులా పారిపోయిందని ఇక్కడ అందరూ చెబుతారు. లేకపోతే ఇంకా లోపలికి వచ్చేవి.

రైలు_పిచ్చోడు
ఎవరూ రైలు మాట ఎత్తలేదు, నాకు కడుపు మండుతోంది. ఓబులవారిపల్లె నుంచి వెంకటాచలం లైను 2019 సెప్టెంబరులో మొదలైంది. వెలికొండల కింద ఆరున్నర కిలోమీటర్ల పైచిలుకు సొరంగం తవ్వారు. ఓబులవారిపల్లె అంటే మంగంపేట, మంగంపేట అంటే ముగ్గురాయి, ప్రపంచంలో అంత పెద్ద నిల్వ ఇంకొకటి లేదు. చమురు బావులు తవ్వేటప్పుడు వాడే బురద బరువెక్కడానికి దాని పొడి కలుపుతారు. గుంతకల్లు నుంచి కృష్ణపట్నానికి పోయే సరుకు బండ్లకు రేణిగుంట, గూడూరు చుట్టు తప్పింది. టావెర్నియేకి లేని సొరంగం దారి మన ముగ్గురాయికి ఉంది.

కేసీ_కెనాల్
ఇంకొక సీమ గుర్తు కూడా అక్కడే. పోర్టు పక్క నేలటూరులో ఉన్న థర్మల్ కేంద్రానికి మా కర్నూలు పెద్దపాడు వాడు దామోదరం సంజీవయ్య పేరే పెట్టారు. ఒక్కో యూనిట్ 800 మెగావాట్లు. చల్లార్చడానికి సముద్రం నీళ్ళే.

రాళ్ళనేల_రైతు
ముగ్గురాయికి సొరంగం, కరెంటుకు సముద్రం, చెన్నైకి కాలువ. మా చెరువుకు?

రిటైర్డ్_ఏఈ
కోపం అర్థమైంది. నేను ఉద్యోగంలో ఉన్నప్పుడు "సముద్రానికి పోయేది వృథా" అని ఫైళ్ళలో వందసార్లు రాశారు మా వాళ్ళు, నాకు అప్పుడూ ఒప్పుదల లేదు. నది చివరి నలభై కిలోమీటర్లు కూడా నదే, అక్కడా మనుషులున్నారు. కానీ ఆ చివర కోసం కదిరి వాడి చెరువు ఎండాలని ఎవరూ అనడం లేదు. వరద రోజుల్లో నాలుగు నాళ్ళు పారనిచ్చినా దిబ్బ తెగుతుంది. మీ చెరువుల పూడిక తీయడానికి పెన్న ముఖద్వారం అడ్డం కాదు.

రాళ్ళనేల_రైతు
నాలుగు నాళ్ళు అయితే తీసుకోండి. ఐదో నాడు నేను గేటు దగ్గర కూర్చుంటా.

ఉగ్గాని_బజ్జి
సరే, ఇదంతా చదివాక ఊటుకూరు చూడాలనిపిస్తోంది. కడప నుంచి ఎట్లా పోవాలి? బిర్యానీ తిని బయలుదేరుతాం.

నెల్లూరు_కోడలు
బద్వేలు, ఆత్మకూరు మీదుగా నెల్లూరు, అక్కడి నుంచి విడవలూరు దారి. ఎండాకాలం పోతే ఇసుక తప్ప ఏమీ ఉండదు, నవంబరు, డిసెంబరు వానల తర్వాత పోండి, అదీ తుపాను హెచ్చరిక లేనప్పుడు. నోరు తెరిచి ఉంటే ఆటు సమయంలో నీళ్ళలోకి దిగొద్దు, పిల్లల్ని అసలు దించొద్దు. మోకాలి లోతే కదా అనిపిస్తుంది, కాలి కింద ఇసుక లాగేస్తుంది.

పెన్నగట్టు_ప్రొద్దుటూరు
బద్వేలు అవతల ఘాట్‌లో రోడ్డు పని అయిపోయిందా? పోయినసారి గంటన్నర నిలబెట్టారు.